స్టెప్పర్ మోటారుతో విత్తనపు ఎడం: పంపిన పల్సులకు, నేలలో పడిన గింజలకు మధ్య లెక్క

మొక్కల సాంద్రతపై చేసే ప్రయోగంలో ఎడమే ట్రీట్‌మెంటు. ఆ ఎడం తప్పితే, తరువాత ఎంత జాగ్రత్తగా నమోదు చేసినా మొక్క ఎత్తు, ఆకు విస్తీర్ణ సూచిక, కండె బరువు, గింజ దిగుబడి అన్నీ మనం అడగని ప్రశ్నకు సమాధానాలవుతాయి. కొన్నేళ్ల కిందట ఒక ఖరీఫ్‌లో మొక్కజొన్నపై ఇటువంటి ప్రయోగమే మా పర్యవేక్షణలో జరిగింది. సాళ్ల మధ్య 60 సెం.మీ. స్థిరం, మొక్కల మధ్య 30, 20, 15 సెం.మీ. అంటే హెక్టారుకు వరుసగా 55,556, 83,333, 1,11,111 మొక్కలు. విత్తడానికి పీజీ విద్యార్థి ఒకరు స్వయంగా తయారుచేసుకున్న, చేతితో నెట్టే ఒంటి సాలు ప్లాటు సీడరును వాడారు. విత్తన పళ్లెాన్ని స్టెప్పర్ మోటారు తిప్పుతుంది. మోటారును ఆర్డుయినో ఊనో బోర్డు నడుపుతుంది. ట్రీట్‌మెంటు మార్చాలంటే పళ్లెం మార్చనక్కరలేదు, పళ్ల చక్రాలు విప్పనక్కరలేదు, ఒక మీట తిప్పితే చాలు. చూసినవారందరూ మెచ్చుకున్నారు.

మొలక సమానంగా వచ్చింది. సాలులో ఎక్కడా ఖాళీ కనిపించలేదు. విత్తిన నెల దాటాక మొక్కల సంఖ్య లెక్కించినప్పుడు గాని అసలు సంగతి బయటపడలేదు. 6 మీటర్ల సాలులో 20, 30, 40 మొక్కలు ఉండవలసిన చోట 20, 22, 22 ఉన్నాయి. రెండు, మూడు ట్రీట్‌మెంట్లు ఒకటైపోయాయి. మొదట విత్తనపు మొలక శాతాన్ని, తరువాత కాండం ఈగను, ఆపైన పక్షులను అనుమానించాము. కానీ ఈగో పక్షో తిన్న సాలులో ఖాళీలు ఉంటాయి. ఇక్కడ ఖాళీలు లేవు. మొక్కకూ మొక్కకూ మధ్య దూరమే పెద్దది, అదీ అన్నిచోట్లా ఒకేలా. ఎస్‌డీ కార్డులోని నమోదు మాత్రం ప్రతి ప్లాటులోనూ మోటారు వేగం నిర్దేశించినంతే ఉన్నదని చెబుతోంది.

ఈ వ్యాసం ఆ తేడా ఎక్కడ పుట్టిందో వివరించడానికి ఉద్దేశించినది. స్టెప్పర్ మోటారు, చవక మైక్రోకంట్రోలర్ బోర్డు ఇప్పుడు వ్యవసాయ కళాశాలల్లో, పరిశోధన స్థానాల్లో విత్తన యంత్రాలకే గాక నీటి కవాటాలకు, కెమెరా పట్టాలకు, మందు కొలిచే సిరంజిలకు కూడా వాడుకలోకి వస్తున్నాయి. వాటిని వాడేవారిలో చాలామంది మనవంటి శస్యశాస్త్రజ్ఞులే. ఎలక్ట్రానిక్స్ చదివినవారు తక్కువ.

మోటారు ఎలా అడుగు వేస్తుంది

ఫ్యాను మోటారుకు విద్యుత్తు ఇస్తే తిరుగుతూనే ఉంటుంది. స్టెప్పర్ మోటారు అలా తిరగదు. దాని తీగచుట్టల్లో విద్యుత్ ప్రవాహపు దిశను వరుసక్రమంలో మార్చిన ప్రతిసారీ ఒక అడుగు మాత్రమే జరిగి అక్కడ ఆగుతుంది. సాధారణంగా దొరికే హైబ్రిడ్ రకంలో మధ్యనున్న ఇరుసు చక్రానికి 50 పళ్లు ఉంటాయి. చుట్టూ ఉన్న రెండు చుట్టల అయస్కాంత ధ్రువాలు నాలుగు స్థితులను ఒకదాని తరువాత ఒకటి దాటితే చక్రం ఒక పన్ను దూరం జరుగుతుంది. 50 పళ్లు, నాలుగు స్థితులు: ఒక పూర్తి చుట్టుకు 200 అడుగులు, అడుగుకు 1.8 డిగ్రీలు. నెమా 17, నెమా 23 అనే పేర్లు మోటారు ముఖపు కొలతను మాత్రమే సూచిస్తాయి (1.7 అంగుళాలు, 2.3 అంగుళాలు). బలం ఎంతో ఆ పేరు చెప్పదు. అంగడిలో ఈ పొరపాటు తరచుగా జరుగుతుంది.

ఈ నిర్మాణం నుంచి రెండు ఫలితాలు వస్తాయి. మొదటిది మేలు: ఎన్ని పల్సులు పంపితే అన్ని అడుగులు, కొలిచే పరికరం వేరుగా అక్కరలేదు. అడుగులోని చిన్న దోషం తరువాతి అడుగుకు చేరి పెరగదు. రెండవది, అదే మేలుకు మరో ముఖం: అడుగు పడకపోయినా బోర్డుకు తెలియదు. పళ్లెంలో గింజ ఇరుక్కుని మోటారు ఆగి గురగురలాడుతున్నా బోర్డు తన లెక్క తాను పెంచుకుంటూనే పోతుంది. అది లెక్కించేది తన ఆజ్ఞలనే.

బోర్డు, డ్రైవరు

ఆర్డుయినో ఊనోలోని ఏటీమెగా328పీ చిప్పు కాళ్లలో ఒక్కొక్కటి సురక్షితంగా ఇవ్వగలిగేది 20 మిల్లీ ఆంపియర్లు. మోటారు చుట్టకు కావలసినది 1 ఆంపియర్, కొన్నిటికి అంతకంటే ఎక్కువ. కనుక మోటారును బోర్డుకు నేరుగా కలపకూడదు. నడుమ డ్రైవరు ఉండి తీరాలి. నెమా 17 మోటార్లకు ఏ4988, డీఆర్‌వీ8825 అనే చిన్న డ్రైవర్లు వాడుకలో ఉన్నాయి. బోర్డు రెండు సంకేతాలు ఇస్తే చాలు: దిశ ఒకటి, అడుగు ఒకటి. మిగిలిన పని డ్రైవరుది.

డ్రైవరును మొదటిసారి అమర్చేవారు చేయవలసిన ముఖ్యమైన పని విద్యుత్ ప్రవాహ పరిమితిని సరిచేయడం. డ్రైవరుపై చిన్న మర ఉంటుంది; దాని వద్ద వోల్టేజీని మల్టీమీటరుతో కొలుస్తూ తిప్పాలి. ఏ4988లో ఆ వోల్టేజీ, కావలసిన ప్రవాహాన్ని ప్రవాహం కొలిచే నిరోధంతో గుణించి దానికి 8 రెట్లు తీసుకుంటే వస్తుంది. నిరోధం 0.1 ఓమ్ అయితే 1 ఆంపియరుకు 0.8 వోల్టులు. అయితే అంగడిలో దొరికే డ్రైవర్లన్నిటిలో ఈ నిరోధం ఒకటి కాదు, 0.05 ఓమ్ ఉన్నవీ ఉన్నాయి. వాటికి 0.8 వోల్టులు పెడితే ప్రవాహం 2 ఆంపియర్లవుతుంది. డ్రైవరు వేడెక్కి తనను తాను ఆపుకుంటుంది, చల్లబడి మళ్లీ మొదలవుతుంది. బయటికి అది అప్పుడప్పుడు అడుగులు తప్పడంగా కనిపిస్తుంది. కాబట్టి నిరోధంపై ముద్రించిన విలువను భూతద్దంతోనైనా చదవాలి. వేడిని వెదజల్లే అల్యూమినియం పలక లేకుండా ఏ4988 నుంచి 1 ఆంపియరుకు మించి ఆశించరాదు.

డ్రైవరు మోటారు సరఫరా కాళ్ల దగ్గరే 100 మైక్రోఫారడ్ కెపాసిటరు ఉండాలి. విద్యుత్తు ఉండగా మోటారు తీగలు పీకరాదు. డ్రైవర్లు కాలిపోవడానికి నేను చూసిన కారణాల్లో ఇదే మొదటిది. బోర్డు, డ్రైవరు, బ్యాటరీల రుణ తీగలు ఒకచోట కలవాలి. మోటారు నాలుగు తీగల్లో ఏ రెండు ఒక చుట్టకు చెందినవో తెలియకపోతే ఏవైనా రెండింటిని కలిపి పట్టుకుని ఇరుసును వేళ్లతో తిప్పి చూడాలి. బిగుతుగా తిరిగితే ఆ రెండూ ఒక జత.

లెక్క ఎక్కడ తప్పింది

మా విద్యార్థి అమర్చిన యంత్రంలో పళ్లెానికి 10 గళ్లు. మోటారు నుంచి పళ్లెానికి పళ్ల బెల్టుతో 4:1 తగ్గింపు. పళ్లెం కచ్చితంగా, చప్పుడు లేకుండా తిరగాలని డ్రైవరును 1/16 సూక్ష్మ అడుగులకు పెట్టారు. అప్పుడు మోటారు ఒక చుట్టుకు 3,200 పల్సులు. పళ్లెం ఒక చుట్టుకు 12,800. ఒక గింజకు 1,280.

గంటకు 3 కి.మీ. నడకలో సెకనుకు 83.3 సెం.మీ. ముందుకు పోతాము. 30 సెం.మీ. ఎడానికి సెకనుకు 2.78 గింజలు, అంటే 3,556 పల్సులు. 20 సెం.మీ.కు 4.17 గింజలు, 5,333 పల్సులు. 15 సెం.మీ.కు 5.56 గింజలు, 7,111 పల్సులు.

మోటారును నడపడానికి వాడినది యాక్సెల్‌స్టెప్పర్ అనే ప్రసిద్ధ గ్రంథాలయం (ప్రోగ్రాములో కలుపుకునే సిద్ధ భాగాలకు ఇదే పేరు). ఊనో వంటి 16 మెగాహెర్ట్జ్ బోర్డుపై అది నమ్మకంగా ఇవ్వగలిగిన గరిష్ఠ వేగం సెకనుకు సుమారు 4,000 అడుగులేనని దానితో వచ్చే వివరణలోనే రాసి ఉంది. అంతకు మించి అడిగితే అది తప్పు చూపదు, ఆగిపోదు, ఇవ్వగలిగినంత ఇస్తుంది. 4,000ను 1,280తో భాగిస్తే సెకనుకు 3.125 గింజలు. 83.3ను 3.125తో భాగిస్తే 26.7 సెం.మీ. ఎడం. 20 సెం.మీ. అడిగినా అదే, 15 సెం.మీ. అడిగినా అదే. హెక్టారుకు 62,500 మొక్కలు. 6 మీటర్ల సాలులో 22 మొక్కలు ఎందుకు వచ్చాయో బల్లమీద కాగితం పెట్టుకుని ఐదు నిమిషాల్లో చెప్పగలిగే లెక్క ఇది. విత్తకముందు ఎవరమూ వేయలేదు. యంత్రం తయారుచేసిన విద్యార్థిది ఎంత బాధ్యతో, దాన్ని పొలంలోకి అనుమతించిన నాదీ అంతే.

ప్రయోగశాలలో పళ్లెంపై సుద్దతో గీత గీసి నిమిషానికి ఎన్ని చుట్లు తిరుగుతుందో చూస్తే 25, 33 రావలసిన చోట రెండింటికీ 19 లోపే వచ్చాయి. ఎస్‌డీ కార్డులో రాసుకున్నది మాత్రం ప్రోగ్రాము అడిగిన వేగం. జరిగిన వేగం కాదు.

ఇక్కడ గణాంక శాస్త్రపరంగా గమనించవలసినది ఒకటి ఉంది. ఈ దోషం యాదృచ్ఛికం కాదు. 30 సెం.మీ. ప్లాట్లు అన్నీ సరిగా ఉన్నాయి. సాంద్రత పెరిగిన కొద్దీ దోషం పెరిగింది. అంటే యంత్రపు దోషం ట్రీట్‌మెంటుతో కలిసి నడిచింది. పునరావృత్తులు మూడు కాక ఆరు వేసినా, బ్లాకుల్లో ఎంత చక్కగా యాదృచ్ఛికంగా కేటాయించినా అది తొలగదు, దోష వర్గాల్లో కూడా కనిపించదు. సాలులో మొక్కలు లెక్కించకుండా నేరుగా దిగుబడికి పోయి ఉంటే, హెక్టారుకు 83 వేల నుంచి 1.11 లక్షలకు పెంచినా ప్రయోజనం లేదని ఒక సిఫారసు తయారై, విస్తరణ సిబ్బంది దాన్ని రైతుకు చెప్పి ఉండేవారు.

సూక్ష్మ అడుగుల భ్రమ

1/16 ఎందుకు పెట్టారని అడిగితే కచ్చితత్వం కోసమన్నారు. ఇది చాలామందిలో ఉన్న అపోహ. సూక్ష్మ అడుగులు మోటారు కదలికను నునుపు చేస్తాయి, కంపనాన్ని తగ్గిస్తాయి; ఆ మేరకు మంచివే. కానీ ఒక్క సూక్ష్మ అడుగుకు మోటారు చూపగల బలం 1/16లో నిలిపి ఉంచే టార్కులో పదో వంతు లోపే. గింజల బరువు, బ్రష్షు రాపిడి మోస్తున్న పళ్లెం ఒక సూక్ష్మ అడుగుకు కదలకపోవచ్చు. నాలుగైదు పోగయ్యాక ఒక్కసారి జరుగుతుంది.

అసలు అంత సూక్ష్మత విత్తడానికి అక్కరలేదు. అర అడుగు పెడితే మోటారు చుట్టుకు 400 పల్సులు, పళ్లెం చుట్టుకు 1,600, గింజకు 160. 20 సెం.మీ. ఎడంలో ఒక్కో పల్సు నేలమీద 1.25 మి.మీ. దూరానికి సమానం. గొట్టంలో తాకుతూ పడి, చాలులో దొర్లి ఆగే గింజ అంతకంటే ఎన్నో రెట్లు అటూ ఇటూ పోతుంది. పల్సుల వేగం మాత్రం 30, 20, 15 సెం.మీ.కు సెకనుకు 444, 667, 889కి దిగుతుంది. మూడూ బోర్డు శక్తికి చాలా లోపల.

కాలం కాదు, దూరం

పాత ప్రోగ్రాములో మరో లోపం ఉంది. నడక వేగం 3 కి.మీ. అనుకుని కాలాన్ని బట్టి పల్సులు ఇచ్చేది. తడి నేలలో నడక నెమ్మదించినా పళ్లెం నెమ్మదించదు. దీనికి మందు నేల చక్రానికి ఎన్‌కోడరు అమర్చి దూరాన్ని బట్టి పల్సులు ఇవ్వడం. మామూలు యాంత్రిక గొర్రులో నేల చక్రమే పళ్లెాన్ని తిప్పాలి. ఆ భారంతో వదులు మట్టిలో చక్రం జారుతుంది, గింజలు తగ్గుతాయి. ఎన్‌కోడరు తిప్పడానికి భారమంటూ లేదు కనుక జారుడు తక్కువ. స్టెప్పర్ మోటారు వల్ల నిజంగా కలిగే లాభం ఇదే.

40 సెం.మీ. వ్యాసం గల చక్రం, చుట్టుకు 600 పల్సులిచ్చే ఎన్‌కోడరు తీసుకుందాం. రెండు తీగల పల్సుల ఎక్కుడు దిగుడులన్నీ లెక్కిస్తే చుట్టుకు 2,400 గణనలు, ఒక్కొక్కటి 0.5236 మి.మీ. మోటారు అడుగు 1.25 మి.మీ.కు ఒకటి. ఒకటి మరొకదానికి పూర్ణాంక గుణిజం కాదు. 'రెండు గణనలకు ఒక అడుగు' అని సర్దుకుంటే ఎడం 20 బదులు 16.8 సెం.మీ. అవుతుంది. అందువల్ల పాతకాలపు దుకాణదారు చిల్లర లెక్కలా మిగులును మోసుకుపోవాలి: ప్రతి గణనకు ఖాతాలో 5,236 వేయాలి, ఖాతా 12,500 చేరిన వెంటనే ఒక అడుగు వేయించి 12,500 తీసివేయాలి, మిగిలినది తరువాతి దానికి. భిన్నాలు లేవు, దోషం పోగుపడదు. 15 సెం.మీ. ఎడానికి 12,500 బదులు 9,375, 30 సెం.మీ.కు 18,750. ఖాతా ఎప్పుడూ 24 వేలకు మించదు కనుక ఊనోలోని 16 బిట్ల పూర్ణాంకంలో ఇముడుతుంది. ఈ లెక్క ఇంటరప్టులోనే జరగాలి; ఊనోలో 2, 3 సంఖ్యల కాళ్లు అందుకు పనికివస్తాయి. ఎస్‌డీ కార్డులో రాయడం వంటి నెమ్మది పనులు ప్లాటు చివర ఆగినప్పుడు చేయాలి. రెండు తీగలు చదవడం వల్ల దిశ కూడా తెలుస్తుంది. గట్టు దగ్గర యంత్రాన్ని వెనక్కి లాగినప్పుడు గింజలు పడవు.

0.5236 అనేది కాగితం మీది విలువ. పొలంలో 20 మీటర్లు తాడు పట్టి కొలిచి, తొట్టిలో విత్తనం నింపి, విత్తే నేలలోనే నెట్టి గణనలు చూడాలి. లెక్క ప్రకారం 38,197 రావాలి. ఉదాహరణకు 36,300 వస్తే ఒక్కో గణన 0.551 మి.మీ.; ఖాతాలో వేయవలసినది 5,236 కాదు, 5,510. నేల మారితే మళ్లీ కొలవాలి.

తప్పిన అడుగును పట్టుకోవడం

పైన చెప్పినది పల్సు పుట్టకపోవడం. పుట్టిన పల్సుకు మోటారు కదలకపోవడం వేరే జబ్బు. వేగం పెరిగితే స్టెప్పర్ మోటారు బలం తగ్గుతుంది. చుట్టలో ప్రవాహం పూర్తిగా ఎదగడానికి వ్యవధి చాలదు. నిలకడ నుంచి ఒక్కసారిగా పూర్తి వేగానికి పిలిస్తే అందుకోలేదు; అందుకే వేగాన్ని క్రమంగా పెంచాలి. నేల చక్రాన్ని బట్టి నడిపే యంత్రంలో మనిషి నడకే క్రమంగా వేగం అందుకుంటుంది కాబట్టి ఈ బాధ కొంత తగ్గుతుంది. మోటారు ఎంచుకునేటప్పుడు చుట్ట నిరోధం తక్కువ ఉన్నది మేలు. చుట్టకు 30 ఓమ్‌లున్న మోటారుకు 12 వోల్టుల బ్యాటరీతో 0.4 ఆంపియరుకు మించి ఎలాగూ పోదు. వేగంలో దాని బలం త్వరగా పడిపోతుంది.

అడుగు తప్పినప్పుడు మోటారు ఒకటో రెండో అడుగులు వెనకబడదు. సాధారణంగా పన్ను దాటి మరో పన్నులో కుదురుకుంటుంది: నాలుగు పూర్తి అడుగులు, 7.2 డిగ్రీలు, లేదా దాని గుణిజాలు. మన అమరికలో ఇది పళ్లెం దగ్గర 1.8 డిగ్రీలు, 8 పల్సులు. ఇలా ఇరవై సార్లు జరిగితే ఒక గడి, అంటే ఒక గింజ లోపిస్తుంది. ఈ గుణమే దాన్ని పట్టుకోవడానికి ఉపకరిస్తుంది. పళ్లెం అంచున చిన్న అయస్కాంతం, దాని ఎదుట హాల్ సెన్సరు అమర్చి, అయస్కాంతం దాటిన ప్రతిసారీ అంతకు ముందు నుంచి పంపిన పల్సులు చూడాలి. 1,600 ఉంటే సరి. 1,608 ఉంటే ఒకసారి జారింది. నాలుగు పల్సుల తేడాకు మించితే బజరు మోగేలా పెడితే ఒక్క జారుడు కూడా తప్పించుకోదు. కాంతి సెన్సరు కంటే ఇది నయం. శుద్ధి చేసిన విత్తనపు పొడి కాంతి గాడిని మూసేస్తుంది.

పళ్లెం సరిగా తిరిగినా గడిలో గింజ లేకపోవచ్చు. పళ్లెం వేగం పెరిగితే గడి నిండే అవకాశం తగ్గుతుంది, అది కూడా దట్టమైన ట్రీట్‌మెంటులోనే ఎక్కువ. దీనికి విత్తడానికి ముందు జిగురు పరీక్ష తప్పదు. 10 మీటర్ల పాలిథీన్ పట్టాపై గ్రీజు పూసి దానిమీదుగా యంత్రాన్ని నెట్టి గింజల మధ్య దూరాలు కొలవాలి. ఐఎస్‌ఓ 7256 ప్రమాణం ప్రకారం నిర్దేశిత ఎడానికి ఒకటిన్నర రెట్లు మించిన దూరం లోపం. సగం లేదా అంతకు తక్కువ దూరం జంట గింజ. ఈ సూచికలు మాత్రమే చూసి తృప్తిపడరాదని మా అనుభవం. 20 సెం.మీ. అడిగి 26.7 వచ్చిన మా యంత్రాన్ని ఈ ప్రమాణంతో కొలిస్తే ఒక్క లోపమూ కనిపించదు, ఎందుకంటే 26.7 అనేది 30 లోపే. జనాభా మాత్రం నాలుగో వంతు తక్కువ. అందుచేత సగటు ఎడాన్ని విడిగా రాయాలి, అదీ ప్రతి ట్రీట్‌మెంటుకు, అన్నిటికంటే దట్టమైనదానితో మొదలుపెట్టి.

ఆ ఖరీఫ్ దత్తాంశాన్ని సాంద్రతా ప్రయోగంగా మేము వాడలేదు. రెండు సాంద్రతలుగా మిగిలిన ప్లాట్లను పోల్చి ఏదో ఒకటి రాయవచ్చునని సలహా వచ్చింది. 55 వేలకు, 62 వేలకు మధ్య పోలిక ఎవరికీ అక్కరలేనిది. విద్యార్థి మరుసటి ఖరీఫ్‌లో మళ్లీ విత్తారు, ఒక సంవత్సరం ఆలస్యంగా సిద్ధాంత గ్రంథం సమర్పించారు. అందులోని పద్ధతుల అధ్యాయంలో యంత్రం బొమ్మ పక్కనే ఒక పట్టిక ఉంది: ప్రతి ప్లాటుకు నడిచిన దూరాన్ని బట్టి పడవలసిన గింజలు, అయస్కాంతం లెక్క ప్రకారం తిరిగిన గళ్లు, విత్తిన పన్నెండో రోజున సాలులో లెక్కించిన మొక్కలు. ఇప్పుడు మా విభాగంలో విత్తన యంత్రంతో వేసే ఏ ప్రయోగానికైనా ఆ మూడు నిలువు వరుసలు లేనిదే నేను సంతకం చేయడం లేదు.